పెనం మీద బాన్ మీ బర్గర్: రుచి ఎలా పుడుతుంది, ప్రమాదం ఎక్కడ దాగుతుంది?

2024 ఏప్రిల్ చివర్లో దక్షిణ వియత్నాంలోని లాంగ్ ఖాన్ పట్టణంలో ఒకే దుకాణంలో బాన్ మీ కొని తిన్న వందలాది మందికి వాంతులు, విరేచనాలు, జ్వరం పట్టుకున్నాయి. కొద్ది రోజుల్లోనే బాధితుల సంఖ్య 500 దాటింది. పరీక్షల్లో సాల్మొనెల్లా బ్యాక్టీరియా బయటపడింది. అదే ఏడాది అక్టోబర్‌లో హైదరాబాద్‌లో మోమోలు తిన్నవారు పెద్ద సంఖ్యలో అస్వస్థులయ్యారు. ఒక మహిళ ప్రాణాలు కోల్పోయింది. పచ్చి గుడ్లతో చేసిన మయోనైజ్ మీద అనుమానాలు బలపడటంతో, అక్టోబర్ 30న తెలంగాణ ప్రభుత్వం దాని తయారీ, నిల్వ, అమ్మకాలను ఏడాదిపాటు నిషేధించింది. 2025 ఏప్రిల్‌లో తమిళనాడు కూడా అదే బాట పట్టింది.

ఈ రెండు సంఘటనలూ జరిగిన కాలంలోనే మన నగరాల ఇళ్లలో ఒక కొత్త వంటకం అడుగుపెడుతోంది. వియత్నాం బాన్ మీలో ఉండే రుచులను బర్గర్ బన్నులోకి తెచ్చే మిశ్రమ వంటకం అది. నిమ్మగడ్డి, ఫిష్ సాస్ కలిపిన ఖీమా ప్యాటీ, తీపి పులుపుల ముల్లంగి-క్యారెట్ ఊరగాయ, కొత్తిమీర, పచ్చిమిర్చి, పైన కాస్త మయోనైజ్. చేయడం కష్టం కాదు. అయితే ఇందులో ఖీమా, మయోనైజ్, పచ్చి ఆకులు మూడూ ఒకేచోట చేరతాయి. ఆహార భద్రత నిపుణులు జాగ్రత్త చెప్పే పదార్థాలు కూడా ఇవే. అందుకే ఈ బర్గర్‌ని రుచి కోసం ఎలా చేయాలో, క్షేమంగా ఎలా చేయాలో కలిపి తెలుసుకోవడం మంచిది. రెండింటికీ సమాధానాలు రసాయన, భౌతిక శాస్త్రాల్లోనే ఉన్నాయి.

ఫ్రెంచి రొట్టె, వియత్నాం రుచి

వియత్నామీస్ భాషలో 'బాన్ మీ' అంటే గోధుమ రొట్టె. 19వ శతాబ్దంలో ఫ్రెంచి వలస పాలకులతో పాటు ఈ రొట్టె అక్కడికి చేరింది. వరి పండే ఉష్ణమండల దేశంలో గోధుమ దిగుమతి సరుకు. అందువల్ల చాలాకాలం అది సంపన్నుల తిండిగానే మిగిలింది. 1954లో దేశం రెండుగా చీలినప్పుడు ఉత్తరాది నుంచి లక్షలాది మంది దక్షిణానికి తరలివెళ్లారు. ఆ దశాబ్దంలోనే సైగాన్ వీధుల్లో బాన్ మీ ఇప్పటి రూపాన్ని సంతరించుకుంది. రొట్టెని నిలువుగా చీల్చి మాంసం, ఊరగాయ, కొత్తిమీర, మిరపకాయ కుక్కి చేతిలో పట్టుకు తినే తిండి అయింది. 2011లో ఆ పదం ఆక్స్‌ఫర్డ్ ఇంగ్లీష్ నిఘంటువులోకీ ఎక్కింది.

బర్గర్ ప్యాటీకి దగ్గరి బంధువు కూడా వియత్నాంలో ఉంది. హనోయ్‌లో మధ్యాహ్నం వేళ బొగ్గుల మీద కాల్చే చిన్న పంది మాంసపు బిళ్లలను బియ్యపు సేమియాతో, తీపి పులుపు కలిసిన పలుచని రసంతో తింటారు. దాని పేరు బున్ చా. 2016 మే నెలలో అప్పటి అమెరికా అధ్యక్షుడు బరాక్ ఒబామా, వంటల కార్యక్రమాల ప్రయోక్త ఆంథొనీ బోర్డెయిన్ హనోయ్‌లో ఒక మామూలు హోటల్లో ప్లాస్టిక్ స్టూళ్ల మీద కూర్చుని తిన్నది ఇదే. బున్ చా బిళ్లను కాస్త పెద్దది చేసి, బాన్ మీలోని ఊరగాయతో కలిపి బన్నులో పెడితే మన బర్గర్ తయారవుతుంది. మరో మాట: బాన్ మీ పుట్టుకలోనే రెండు దేశాల వంటలు కలిశాయి కాబట్టి, దాన్ని ఇంకోసారి మార్చుకోవడంలో తప్పేమీ లేదు.

సీసాలోని సముద్రం

ఈ ప్యాటీకి ప్రాణం ఫిష్ సాస్. వియత్నాంలో దాన్ని 'నూక్ మామ్' అంటారు. నెత్తళ్ల వంటి చిన్న చేపలను ఉప్పుతో పొరలు పొరలుగా పీపాల్లో నింపుతారు. సాధారణంగా మూడు పాళ్లు చేపలకు ఒక పాలు ఉప్పు. సుమారు ఏడాదిపాటు కదిలించకుండా ఉంచుతారు. అంత ఉప్పులో కుళ్లబెట్టే సూక్ష్మజీవులు బతకలేవు. కానీ చేపల పేగుల్లోని, కండరాల్లోని ఎంజైములు పని చేస్తూనే ఉంటాయి. అవి ప్రొటీన్ల పొడవాటి గొలుసులను ముక్కలు ముక్కలుగా కోసి అమైనో ఆమ్లాలుగా మారుస్తాయి. చేప తన మాంసాన్ని తానే జీర్ణం చేసుకుంటుందన్నమాట. పీపా అడుగు నుంచి కారే తేనె రంగు ద్రవమే నూక్ మామ్. ఫూ క్వాక్ దీవిలో తయారయ్యే దానికి 2012లో ఐరోపా సమాఖ్య భౌగోళిక గుర్తింపు కూడా ఇచ్చింది. సీసా మీద 30, 40 వంటి అంకెలు కనిపిస్తాయి. లీటరు సాస్‌లో ఎన్ని గ్రాముల నత్రజని ఉందో అవి చెబుతాయి. అమైనో ఆమ్లాల్లో నత్రజని ఉంటుంది కాబట్టి, అంకె పెద్దదైతే రుచి గాఢమైనదని అర్థం.

ఇలాంటి పదార్థం మన దేశానికి కొత్త కాదు. మణిపూర్‌లో ఙారి, మేఘాలయలో తుంగ్‌తాప్ చేపలను పులియబెట్టి చేసేవే. మన కోస్తా తీరంలో ఎండు చేపల పులుసు ఇచ్చే లోతైన రుచికి మూలం కూడా చాలావరకు అదే రసాయనం.

ఆ రుచికి 'ఉమామి' అని పేరు పెట్టినవాడు జపాన్ రసాయన శాస్త్రవేత్త కికునే ఇకెడా. 1908లో ఆయన సముద్రపు నాచు రసం నుంచి గ్లుటమేట్‌ను వేరుచేశాడు. 1913లో ఆయన శిష్యుడు షింటారో కొడామా ఎండబెట్టిన చేపలో ఇనోసినేట్ అనే మరో పదార్థాన్ని గుర్తించాడు. ఈ రెండూ కలిస్తే వచ్చే రుచి వాటి మొత్తం కంటే ఎన్నోరెట్లు ఎక్కువ. దీనికి కారణం నాలుక మీది గ్రాహకం తీరులో ఉంది. కీటకాన్ని పట్టే మొక్క ఆకు మూసుకున్నట్టు ఆ గ్రాహకం గ్లుటమేట్ చుట్టూ ముడుచుకుంటుంది. ఇనోసినేట్ వచ్చి ఆ మూత తెరుచుకోకుండా పట్టి ఉంచుతుంది. దాంతో మెదడుకు వెళ్లే సంకేతం బలపడుతుంది.

ఫిష్ సాస్‌లో గ్లుటమేట్ దండిగా ఉంటుంది. కోడి, పంది మాంసాల్లో ఇనోసినేట్ సహజంగానే ఉంటుంది. జంతువు చనిపోయాక కండరాల్లోని శక్తి అణువు ఏటీపీ విచ్ఛిన్నమై అది తయారవుతుంది. ఖీమాలో రెండు చెంచాల ఫిష్ సాస్ కలపగానే చేప వాసన పోయి మాంసం రుచి పెరిగినట్టు అనిపించడం వెనుక ఉన్నది ఈ జోడీయే.

శాకాహారులకూ దారి ఉంది. వియత్నాంలో చాలామంది బౌద్ధులు చాంద్రమాసంలో మొదటి రోజు, పదిహేనో రోజు మాంసం ముట్టరు. ఆ రోజుల కోసం అక్కడ ప్రత్యేకమైన శాకాహార వంట సంప్రదాయమే వర్ధిల్లింది. సోయా సాస్‌లో గ్లుటమేట్ ఉంటుంది. ఎండు షిటాకే పుట్టగొడుగుల్లో ఇనోసినేట్‌కు వరుసయ్యే గ్వానిలేట్ ఉంటుంది. గట్టి టోఫూను పిండి చిదిమి, సన్నగా తరిగి నీరంతా ఇగిరేదాకా వేయించిన పుట్టగొడుగులు, సోయా సాస్ కలిపి, కాస్త బియ్యప్పిండితో పట్టు తెస్తే మంచి ప్యాటీ అవుతుంది. పుట్టగొడుగుల్లో 90 శాతం దాకా నీరే ఉంటుంది. ముందుగా వేయించకపోతే ఆ నీరంతా పెనం మీద బయటికొచ్చి ప్యాటీ విడిపోతుంది.

ఖీమా కలపడంలో మెలకువ

నాలుగు బర్గర్లకు అర కిలో ఖీమా చాలు. కోడి మాంసమైతే బ్రెస్ట్ కంటే తొడ భాగం మంచిది. దానిలో కొవ్వు కాస్త ఎక్కువ. పంది మాంసమైతే ఐదో వంతు కొవ్వు ఉన్నది ఎంచుకోవాలి. అందులో 2 టేబుల్ స్పూన్ల ఫిష్ సాస్, 1 టేబుల్ స్పూన్ బెల్లం తురుము, సన్నగా తరిగిన రెండు నిమ్మగడ్డి కాడలు, నాలుగు వెల్లుల్లి రెబ్బలు, ఐదారు సాంబారు ఉల్లిపాయలు, అర చెంచా మిరియాల పొడి వేస్తారు. ఉప్పు విడిగా వేయనక్కరలేదు. 100 మిల్లీలీటర్ల ఫిష్ సాస్‌లో 20 నుంచి 25 గ్రాముల ఉప్పు ఉంటుంది. రెండు టేబుల్ స్పూన్లు, అంటే 30 మిల్లీలీటర్లు వేస్తే సుమారు 7 గ్రాములు చేరినట్టే. నాలుగు ప్యాటీలకు పంచితే ఒక్కో దానిలో పావు తక్కువ రెండు గ్రాములు. పెద్దవారు రోజుకు 5 గ్రాముల కంటే తక్కువ ఉప్పు తినాలని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతోంది. ఒక్క ప్యాటీతోనే అందులో మూడో వంతు అయిపోతుందని, రక్తపోటు ఉన్నవారు గుర్తుంచుకోవాలి. సాస్ సగానికి తగ్గించి నిమ్మరసం, మిరియాలు పెంచినా రుచి బాగానే నిలుస్తుంది.

ఉప్పు రుచికే పరిమితం కాదు. కండరాల్లోని మయోసిన్ అనే ప్రొటీన్ ఉప్పు నీటిలో కరుగుతుంది. కలుపుతున్న కొద్దీ జిగురుగా బయటికొస్తుంది. వేడి తగలగానే వలలా అల్లుకుని నీటిని, కొవ్వును పట్టేస్తుంది. వియత్నాం వంటవాళ్లు ఈ గుణాన్ని చివరికంటా వాడుకుంటారు. అప్పుడే కోసిన పంది మాంసాన్ని రోట్లో మెత్తని ముద్దయ్యేదాకా దంచి, అరిటాకులో చుట్టి ఉడికించే 'జో లువా' రబ్బరులా సాగుతూ నున్నగా ఉంటుంది. దీనికి పూర్తిగా విరుద్ధమైనది అమెరికా బర్గర్. అక్కడ ఖీమాను దాదాపు కలపరు. పెనం మీద వేసే ముందు పైన మాత్రమే ఉప్పు చల్లుతారు. అందుకే అది పొడిపొడిగా విడిపోతుంది.

మన ప్యాటీ ఈ రెండింటికీ నడుమ ఉండాలి. ఫిష్ సాస్ లోపలే కలుస్తుంది కాబట్టి కొంత జిగురు ఎలాగూ వస్తుంది. చల్లని ఖీమాను చేతివేళ్లతో ఒక నిమిషం మించకుండా కలిపి, అరగంట ఫ్రిజ్‌లో ఉంచితే సరిపోతుంది. చపాతీ పిండిలా మర్దిస్తే బర్గర్ కాస్తా జో లువా అవుతుంది.

నిమ్మగడ్డి విషయంలో ఇంకో జాగ్రత్త. దాని పరిమళానికి మూలం సిట్రాల్. నిమ్మగడ్డి నూనెలో ఎక్కువ భాగం ఇదే. లక్నోలోని సీఎస్ఐఆర్ సంస్థ సీమాప్ అధిక దిగుబడినిచ్చే నిమ్మగడ్డి రకాలను రూపొందించి రైతులకు అందించింది కూడా ఈ నూనె కోసమే. కానీ కాడలోని గట్టి నారలు ఎంత ఉడికినా మెత్తబడవు. పై రెండు మూడు పొరలు తీసేసి, అడుగున ఉన్న లేత తెల్లని భాగాన్ని మాత్రమే అడ్డంగా, అతి సన్నగా తరగాలి. నారలు పొట్టిగా తెగితే పంటికి తగలవు, కణాలు చిట్లి సిట్రాల్ బయటికొస్తుంది.

గోధుమరంగు పొర, బెల్లం పాత్ర

ప్యాటీ వేయగానే వచ్చే కమ్మని వాసనకు కారణమైన చర్యను 1912లో ఫ్రెంచి శాస్త్రవేత్త లూయీ కమీ మయ్యార్ వివరించాడు. అమైనో ఆమ్లాలు, కొన్ని రకాల చక్కెరలు వేడికి కలిసి వందలాది కొత్త అణువులుగా మారతాయి. వంటింట్లో ఇది చకచకా సాగాలంటే ఉపరితలం 140 డిగ్రీల సెల్సియస్ చేరాలి. తడి ఉన్నంతసేపూ అది 100 డిగ్రీలు దాటదు. పెనం వేడంతా నీటిని ఆవిరి చేయడానికే ఖర్చవుతుంది. అందుకే ప్యాటీ పైతడిని అద్ది, పెనాన్ని బాగా కాచాకే వేయాలి. నాలుగు ప్యాటీలను ఇరికించి పెట్టినా ఆవిరి పోయే దారిలేక అవి కాలవు, ఉడుకుతాయి.

మామూలు పంచదార నేరుగా ఈ చర్యలో పాల్గొనదు. ముందు గ్లూకోజ్, ఫ్రక్టోజ్‌లుగా విడిపోవాలి. బెల్లంలో, తేనెలో ఆ చక్కెరలు కొంతైనా ముందే సిద్ధంగా ఉంటాయి. కాబట్టి రంగు త్వరగా తిరుగుతుంది. చిక్కేమిటంటే మాడటం కూడా త్వరగానే మాడుతుంది. మొదట ఒకటిన్నర నిమిషం పెద్ద మంట మీద రెండు వైపులా రంగు తెచ్చి, ఆపైన మధ్యస్థంగా తగ్గించడం మేలు. నల్లగా మాడిన మాంసంలో ఆరోగ్యానికి చేటు చేసే హెటిరోసైక్లిక్ అమైన్లు ఏర్పడతాయి. మాడిన అంచులను గీకి తీసేయడమే మంచిది.

మందం రెట్టింపైతే సమయం నాలుగు రెట్లు

వేడి ప్యాటీ మధ్యకు చేరడానికి పట్టే సమయం దాని మందం మీద ఆధారపడుతుంది. అయితే ఆ సంబంధం సరళమైనది కాదు. మందం వర్గానికి అనులోమంగా సమయం పెరుగుతుంది. ఒకటిన్నర సెంటీమీటర్ల ప్యాటీకి పట్టే సమయం కంటే మూడు సెంటీమీటర్ల దానికి దాదాపు నాలుగు రెట్లు పడుతుంది. హోటళ్లలో చూసి ఇంట్లో లావుపాటి ప్యాటీలు చేసేవారు పొరబడేది ఇక్కడే. బయట మాడేసరికి కూడా లోపల పచ్చిగానే ఉంటుంది. 125 గ్రాముల ముద్దను బన్ను కంటే కాస్త వెడల్పుగా, ఒకటిన్నర సెంటీమీటర్ల మందాన ఒత్తి, మధ్యలో బొటనవేలితో చిన్న గుంట చేయాలి. వేడికి అంచుల్లోని ప్రొటీన్లు కుంచించుకుపోయి మధ్యభాగాన్ని పైకి తోస్తాయి. గుంట ఉంటే ప్యాటీ బంతిలా ఉబ్బదు.

మధ్యలో వేడి ఎంత ఉండాలి? ముక్క మాంసంలో బ్యాక్టీరియా చాలావరకు ఉపరితలం మీదే ఉంటుంది. పైన కాల్చితే చస్తుంది. ఖీమా కొట్టినప్పుడు ఆ ఉపరితలమంతా లోపలికి కలిసిపోతుంది. కాబట్టి ప్యాటీ నట్టనడుమ కూడా సురక్షితమైన వేడి తగలాలి. పంది, గొర్రె, గొడ్డు మాంసాల ఖీమాకు 71 డిగ్రీలు, కోడి ఖీమాకు 74 డిగ్రీల సెల్సియస్ అన్నవి అమెరికా వ్యవసాయ శాఖ సూచించే అంకెలు. 1993లో అక్కడ సరిగా ఉడకని హాంబర్గర్ల వల్ల ఇ. కోలై సోకి 700 మందికి పైగా జబ్బుపడ్డారు. నలుగురు పిల్లలు చనిపోయారు. ఆ విషాదం తర్వాతే బర్గర్ ఉష్ణోగ్రత మీద అక్కడి ప్రభుత్వ నిబంధనలు కఠినమయ్యాయి.

లోపలి రంగు చూసి ఉడికిందని తేల్చుకోవడం చాలామందికి అలవాటు. అది నమ్మదగిన గుర్తు కాదు. మాంసానికి ఎరుపునిచ్చే మయోగ్లోబిన్ కొన్ని సందర్భాల్లో సురక్షిత ఉష్ణోగ్రతకు ముందే గోధుమరంగుకు మారుతుంది. కొన్నిసార్లు పూర్తిగా ఉడికాక కూడా గులాబీ ఛాయ పోదు. సూదిలాంటి మొన ఉన్న వంట థర్మామీటర్‌ను పక్కనుంచి ప్యాటీ నడిమికి గుచ్చి చూడటమే సరైన పద్ధతి. మొన పెనానికి తగలకూడదు.

అలాగని భయంతో 85, 90 డిగ్రీల దాకా కాల్చితే నష్టం రుచికి. 50 డిగ్రీల దగ్గర మయోసిన్ ముడుచుకోవడం మొదలవుతుంది. 65 డిగ్రీలు దాటాక ఆక్టిన్ అనే మరో ప్రొటీన్ కూడా బిగుసుకుని రసాన్ని బయటికి పిండుతుంది. కోడి ఖీమాకు క్షేమకరమైన వేడి చేరేసరికి కొంత రసం పోవడం ఖాయం. ఆ లోటును తొడ మాంసంలోని కొవ్వు, ఫిష్ సాస్‌తో కరిగిన మయోసిన్ వల భర్తీ చేస్తాయి. 74 చేరగానే దించి, రెండు మూడు నిమిషాలు ఆగి తింటే చాలు.

ఆవకాయ కాని ఊరగాయ

బాన్ మీని బాన్ మీగా నిలిపేది 'దో చువా' అనే ఊరగాయ. 200 గ్రాముల క్యారెట్, అంతే ముల్లంగి అగ్గిపుల్లల్లా తరిగి, ఒక చెంచా ఉప్పు, రెండు చెంచాల పంచదార చల్లి చేత్తో నలిపితే పది నిమిషాల్లో గిన్నె అడుగున నీరు చేరుతుంది. బయట ఉప్పు, చక్కెరల గాఢత ఎక్కువ కావడంతో కణాల్లోని నీరు బయటికొస్తుంది. ఇదే ద్రవాభిసరణం. ముక్క విరగకుండా వంగితే సరిపోయినట్టు. కడిగి, పిండి, సమాన పాళ్లలో వినెగర్, వేడినీళ్లు, నాలుగు చెంచాల పంచదార, చిటికెడు ఉప్పు కలిపి చల్లార్చిన ద్రావణంలో వేస్తే గంటలో తినొచ్చు. నీరు పోయిన చోటికి పులుపు, తీపి చేరతాయి. ముందుగా నీరు తీయకపోతే ఆ నీరే వినెగర్‌ను పలుచన చేసి ఊరగాయను చప్పగా మారుస్తుంది.

సీసా మూత తీయగానే వచ్చే ఘాటు వాసనకు కంగారు పడనక్కరలేదు. ముల్లంగి, ఆవాలు ఒకే కుటుంబపు మొక్కలు. కణాలు చిట్లినప్పుడు మైరోసినేస్ అనే ఎంజైము గంధకం ఉన్న గ్లూకోసినోలేట్లను విడగొట్టడం వల్ల ముల్లంగికి ఆ ఘాటు వస్తుంది. ఆవకాయలో ఆవపిండి ముక్కుకు ఎక్కడానికీ అదే కారణం. పోలిక అక్కడికే. ఆవకాయలో ఉప్పు, నూనె, మామిడి పులుపు, ఆవపిండి కలిసి ఏడాది పొడవునా కాపాడతాయి. దో చువాలో ఉప్పు తక్కువ, నీరు ఎక్కువ. అలమరలో పెడితే నిలవ ఉండదు. శుభ్రమైన గాజు సీసాలో, ముక్కలు మునిగేలా, ఫ్రిజ్‌లోనే ఉంచి వారం రోజుల్లో వాడేయాలి.

మయోనైజ్: గుడ్డు లేకుండా

నూనె, నీరు మామూలుగా కలవవు. మయోనైజ్‌లో నూనె కంటికి కనిపించనంత చిన్న బిందువులుగా నీటిలో చెదిరి ఉంటుంది. గుడ్డు సొనలోని లెసిథిన్, ప్రొటీన్లు ఆ బిందువుల చుట్టూ చేరి అవి మళ్లీ ఒకటి కాకుండా ఆపుతాయి. వియత్నాం బాన్ మీలో పూసే మీగడలాంటి పసుపు ముద్ద కూడా పచ్చి సొనను నూనెతో గిలక్కొట్టి చేసేదే.

ఇబ్బంది ఏమిటంటే సాల్మొనెల్లా గుడ్డు పెంకు మీదే కాదు, కొన్నిసార్లు గుడ్డు లోపలే ఉంటుంది. కోడి అండాశయానికి సోకితే పెంకు ఏర్పడకముందే లోపలికి చేరుతుంది. ఎంత కడిగినా పోదు. అనుకూలమైన వెచ్చదనంలో బ్యాక్టీరియా దాదాపు 20 నిమిషాలకోసారి రెండింతలవుతుంది. ఆ లెక్కన నాలుగు గంటల్లో 12 సార్లు రెట్టింపవుతుంది. 100తో మొదలైనవి 4 లక్షలు దాటతాయి. ఉదయం చేసిన మయోనైజ్ సాయంత్రం దాకా బల్ల మీదే ఉంటే ఏం జరుగుతుందో ఊహించవచ్చు. రంగు, రుచి, వాసనల్లో తేడా తెలియదు.

గుడ్డు లేకుండానే ఆ పని పాలు చేస్తాయి. పాలలోని కేసీన్ ప్రొటీన్లు కూడా నూనె బిందువుల చుట్టూ చేరగలవు. కాచి, ఫ్రిజ్‌లో చల్లబరిచిన పాలు పావు కప్పు, వాసనలేని నూనె అర కప్పు, చిటికెడు ఉప్పు, ఒక వెల్లుల్లి రెబ్బ మిక్సీ చట్నీ జార్‌లో వేసి ఆగి ఆగి తిప్పాలి. చిక్కబడ్డాక రెండు చెంచాల నిమ్మరసం పోసి ఇంకోసారి తిప్పితే బాగా గట్టిపడుతుంది. పులుపుకి కేసీన్ ఒకదానితో ఒకటి అతుక్కోవడం వల్ల అలా జరుగుతుంది. దీన్నీ ఫ్రిజ్‌లో ఉంచి ఒకటి రెండు రోజుల్లో వాడేయాలి.

బన్ను, కొత్తిమీర, చివరి కూర్పు

బన్నులను ఫ్రిజ్‌లో పెట్టకూడదు. ఉడికిన పిండిపదార్థంలోని అణువులు మళ్లీ వరుసకట్టి గట్టిపడటం ఫ్రిజ్ చల్లదనంలోనే వేగంగా సాగుతుంది. రెండు రోజుల్లో వాడేదైతే బయటే ఉంచాలి, లేదా డీప్ ఫ్రీజర్‌లో పెట్టాలి. కోసిన వైపు కాస్త వెన్న రాసి పెనం మీద కాల్చితే రెండు లాభాలు. గట్టిపడిన పిండి మళ్లీ మెత్తబడుతుంది. కాలిన పొర, కొవ్వు కలిసి ఊరగాయ తడి లోపలికి ఇంకకుండా కాసేపు అడ్డుకుంటాయి.

కింది బన్నుకు మయోనైజ్, దాని మీద ప్యాటీ, ఆపైన పిండిన ఊరగాయ, కీరా ముక్కలు, చీల్చిన పచ్చిమిర్చి, కాడలతో సహా కొత్తిమీర. ఇంట్లో ఎవరికైనా కొత్తిమీర సబ్బులా అనిపిస్తే అది నెపం కాకపోవచ్చు. ఓఆర్6ఏ2 అనే వాసన గ్రాహకపు జన్యువు దగ్గరి తేడాలకు, ఈ సబ్బు వాసనకు సంబంధం ఉందని 2012లో పరిశోధకులు గుర్తించారు. కొత్తిమీరలోని ఆల్డిహైడ్లను ఆ గ్రాహకం పసిగడుతుంది. వారికి పుదీనా వేస్తే సరి. ఏ ఆకైనా ఉడకకుండా తినేదే కాబట్టి పారే నీటిలో బాగా కడిగి ఆరబెట్టాలి. పచ్చి ఖీమా ముట్టిన చేతులు, చాకు, పీట సబ్బుతో కడగకుండా ఆకుల దగ్గరికి వెళ్లకూడదు. ప్యాటీ ఎంత బాగా కాల్చినా, పచ్చి మాంసం ఉంచిన పళ్లెంలోనే మళ్లీ పెడితే శ్రమంతా వృథా. కోడి మాంసాన్ని కుళాయి కింద కడగడం కూడా మేలు కంటే కీడే ఎక్కువ చేస్తుంది. చిందే తుంపరలు బ్యాక్టీరియాను చుట్టుపక్కలంతా చల్లుతాయి.

మిగిలిన ప్యాటీల సంగతి. 5 నుంచి 60 డిగ్రీల మధ్య వేడిలో బ్యాక్టీరియా పెరుగుతుంది. వండిన ఆహారం ఆ మధ్యలో రెండు గంటలకు మించి ఉండకూడదన్నది సాధారణ సూత్రం. గాలి వేడి 32 డిగ్రీలు దాటితే ఆ గడువు గంటే. మే నెలలో విజయవాడలోనో రామగుండంలోనో మధ్యాహ్నం పూట పుట్టినరోజు విందు పెట్టేవారికి ఈ గంట లెక్కే వర్తిస్తుంది. పిల్లలు ఆడుకుని వచ్చేదాకా ప్యాటీలను బల్ల మీద మూతపెట్టి ఉంచే కన్నా, కలిపిన ఖీమాను ఫ్రిజ్‌లో ఉంచి వారు చేతులు కడుక్కుంటుండగా కాల్చడం మంచిది. మొత్తం పది నిమిషాల పని.

సైగాన్ వంటవాళ్లు ఫ్రెంచి రొట్టెలో వెన్న, హామ్ స్థానంలో తమ ఊరగాయ, తమ కొత్తిమీర పెట్టుకున్నారు. ఇక్కడి ఇళ్లలో పంది మాంసం స్థానంలోకి కోడి, మెకాంగ్ నది నుంచి వచ్చి ఇప్పుడు కృష్ణా, గోదావరి జిల్లాల చెరువుల్లో పెరుగుతున్న పంగాసియస్ చేప, లేదా టోఫూ రావచ్చు. నిమ్మగడ్డి దొరక్కపోతే నిమ్మ తొక్క తురుము వేసుకోవచ్చు. మయోనైజ్ బదులు వేరుశనగ చట్నీ పూసినా అడ్డుచెప్పేవారు లేరు. కోడి ఖీమా ప్యాటీ నడుమ 74 డిగ్రీలన్న అంకెను మాత్రం ఇష్టాన్నిబట్టి మార్చుకునే వీల్లేదు. వంట థర్మామీటర్ ఇంకా కొననివారు ప్యాటీని ఒకటిన్నర సెంటీమీటర్లకు మించి లావు చేయకపోవడం, కాలాక ఒకదాన్ని మధ్యకు విరిచి లోపల రసం తేటగా ఉందో లేదో, ముద్ద అంతటా గట్టిపడిందో లేదో చూడటం కొంతవరకు ఉపయోగపడతాయి. అయితే అవి అంచనాలే. ఇంట్లో పసిపిల్లలు, గర్భిణులు, వృద్ధులు ఉంటే అంచనాతో సరిపెట్టుకోకుండా థర్మామీటర్ కొనుక్కున్నాకే ఖీమా కలపడం మంచిది.